గవర్నమెంటు వెయ్యని చెల్లు

గవర్నమెంటు ప్లీడరు లేచి, ఈ మందుల బాకీకి మూడేళ్లు దాటిపోయాయి, కాలదోషం పట్టింది, ఇక ఇవ్వక్కర్లేదు అని ఒక్క ముక్కలో తేల్చేసి కూర్చున్నాడు. కూర్చుని సీసా మూత తీసి మంచినీళ్లు తాగాడు కూడాను. వెనక బెంచీ మీద ఉన్న వెంకటరావమ్మకు కళ్లలో కారం కొట్టినట్టయింది. మందులు రాలేదనలేదు ఆ పెద్దమనిషి, నాసిరకమనీ అనలేదు. వచ్చాయట, రోగులకు ఎక్కించారట, అందరూ లేచి ఇళ్లకు పోయారట, అయినా డబ్బివ్వరట. దొంగ కూడా ఇంత నిదానంగా మాట్లాడడు.

సత్తెనపల్లిలో వాళ్లది ముందునుంచీ పురుగుమందుల కొట్టు. మొగుడు పోయాక ఆవిడే గల్లాపెట్టె దగ్గర కూర్చుని కొడుకు వెంకటనారాయణను చదివించింది. వాడు ఆ కొట్టు పక్కనే మనుషుల మందుల ఏజెన్సీ పెట్టాడు. నాలుగు మండలాలకు దిక్కయిన గవర్నమెంటాసుపత్రికి సెలైన్లూ, సూదులూ, పాము కాటుకిచ్చే ఇంజెక్షన్లూ వాడే పోశాడు. కంపెనీలు ముందే డబ్బు కట్టమంటాయి, గవర్నమెంటేమో తర్వాత చూద్దామంటుంది. ఆ రెంటి మధ్యా ఉన్న ఇల్లు కాస్తా బ్యాంకులో తాకట్టుకు పోయింది. ఈ దావా పోతే ఇల్లూ పోతుంది. సంగతంతా అదీ.

వరండాలోకి వచ్చాక వాళ్ల వకీలు ఖలీల్ తల పట్టుకున్నాడు. మూడేళ్లు నిండకముందే గవర్నమెంటుకు నోటీసిచ్చి, దావా వెయ్యడానికి తన దగ్గరికి రావద్దా అని వెంకటనారాయణను అడిగాడు.

"కొట్టుకొచ్చే మనిషికి నోటీసిస్తామా సార్?" అన్నాడు వాడు.

వాడి తప్పు అదే. మిరప చేలల్లో వ్యాపారం చేసేవాళ్లకు తప్ప ఆ తప్పు ఇంకెవరికీ రాదు. అక్కడ రైతు పురుగుమందు అప్పుగా పట్టుకుపోతాడు, కాయ మిర్చి యార్డుకు వెళ్లాక తీరుస్తాడు. తెగులొచ్చి పంట పోతే ప్రోనోటు రాసిస్తాడు. ఆ నోటుకు ఆయుష్షు మూడేళ్లే. ఈలోపు అప్పున్నవాడు ఎంతో కొంత కట్టి, నోటు వెనక తన చేత్తో రాసి సంతకం పెడితే దానికి మళ్లీ మూడేళ్లు ప్రాణం. దాన్నే చెల్లు వెయ్యడం అంటారు. ఆ చెల్లు వెయ్యడానికి అప్పిచ్చినవాడు రైతు గుమ్మం తొక్కడు, రైతే వస్తాడు. గులాబీ పురుగు పత్తిని నమిలేసిన ఏడాది కూడా, చెప్పులు అరిగిపోయిన మనుషులు వచ్చి, వందో యాభయ్యో పెట్టి, నోటు చచ్చిపోకుండా చూడు వదినా, మాట పోతుంది అని ఈ వెంకటరావమ్మతోనే అన్నారు. అలాంటి వాళ్లకు నోటీసు పంపితే మొహాన ఉమ్మేసినట్టే. గవర్నమెంటుకూ అంతపాటి సిగ్గుంటుందనుకున్నాడు పిచ్చినాయన.

గవర్నమెంటుకు కచేరీ ఉంది, కలం ఉంది, రాసేవాళ్లు వందలమంది ఉన్నారు. అన్నీ ఉండీ, ఆ బాకీ ఎప్పుడు చస్తుందా అని గుడ్లప్పగించి చూసింది.

తిరుగు బస్సులో ఉండగానే వెంకటనారాయణకు ఫోనొచ్చింది. ఆసుపత్రి నుంచి డాక్టరు దేవకుమారి. మిరప కోతకొచ్చిన అంకమ్మను చేలో రక్తపింజరి కరిచిందట, స్టోరులో ఇంజెక్షన్లు నిండుకున్నాయట, గుంటూరు చేరేదాకా ఆగేట్టు లేదట. ఇప్పుడు పంపితే రేపు ఇండెంటు కాయితం పెడతానంది. వాడు ఫోన్ పక్కకు పెట్టి, ఇక ఆ ఆసుపత్రికి ఒక్క సీసా కూడా ఇవ్వనని ఒట్టేసుకున్నానమ్మా అన్నాడు.

"నీ ఒట్టు గవర్నమెంటు మీద కదరా. కరిచింది గవర్నమెంటునా?"

బస్సు దిగీ దిగగానే కొట్టు తెరిపించి, ఉన్న సీసాలన్నీ ఐసుపెట్టెలో పెట్టించుకుని, ఆటో ఎక్కి తనే వెళ్లింది. అంకమ్మ కాలు మోకాలిదాకా ఉబ్బిపోయి ఉంది. చిగుళ్ల వెంట నెత్తురు. సీసాలు అందుకున్న డాక్టరమ్మ పాపం మంచిదే, రసీదు రాయబోయింది.

"వద్దమ్మా. ఇది మీ స్టోరుకు కాదు, అంకమ్మకు నా చేత్తో ఇస్తున్నా. మీ వాళ్ల కాయితం మూడేళ్లకు చచ్చిపోతుంది, దీనికి నేనున్నాను."

డాక్టరమ్మ తల వంచుకుని సూది అందుకుంది. తెల్లారేసరికి అంకమ్మకు నెత్తురు ఆగింది.

ఉగాది ముందు ఓ పొద్దున అంకమ్మ కుంటుకుంటూ కొట్టుకొచ్చింది. కోత కూలి తాలూకు వంద నోటు బల్ల మీద పెట్టింది. వెంకటరావమ్మ వెనక్కి నెట్టింది. అంకమ్మ మళ్లీ ముందుకు నెట్టింది.

"ఊరికే తీసుకుంటే మందు వంటబట్టదంటారమ్మా. మిగతాది పై కోతల్లో ఇస్తా. చెల్లేసుకో."

అలా అన్నాక ఇంక కాదనడానికి లేదు. కాదంటే ఆ మనిషిని గవర్నమెంటుతో జమ కట్టినట్టవుతుంది. వెంకటరావమ్మ ఆ నోటు గల్లాపెట్టెలో వెయ్యలేదు, కొంగున ముడేసుకుంది.

వాయిదానాడు కోర్టు వరండాలో గవర్నమెంటు ప్లీడరుకు అడ్డం నిలబడింది. ఖలీల్ ఆవిడ చెయ్యి పట్టి లాగుతున్నా వినలేదు. కొంగుముడి విప్పి నోటు చూపించింది.

"పాము కరిచి చచ్చి బతికిన కూలిమనిషి వేసిన చెల్లు నాయనా ఇది. పిలవకుండా వచ్చి వేసింది. మీ గవర్నమెంటుకు చేతులు పడిపోయాయా?"

ఆయన అటూ ఇటూ చూసి, దాని గురించి తనకు పైనుంచి ఏ ఆదేశాలూ రాలేదండీ అని నసిగాడు.

"రాకపోతే అడుగు. లోపల జడ్జిగారి ముందు మా వకీలు నిన్ను అదే అడుగుతాడు, వచ్చే వాయిదాకీ అదే అడుగుతాడు. మా ఇల్లు వేలానికొచ్చినా గుమ్మంలో కూర్చుని నేనూ అదే అడుగుతా."

లోపల బంట్రోతు వాళ్ల కేసు పిలిచాడు. ఆవిడ నోటు మళ్లీ కొంగున ముడేసుకుని, కొడుకుకంటే ముందు లోపలికి నడిచి, ఈసారి ముందు బెంచీ మీద కూర్చుంది.