ఏ టైపు డైరెక్టరు?

సునంద రాసిన మూడు పేజీలను సెక్షన్ ఆఫీసరు అనంతరామయ్య టీ తాగేలోగా ఒక్క వాక్యానికి కుదించేశాడు.

1995 జనవరి. ఢిల్లీలో సినిమా ఉత్సవాలు జరిపే వాళ్ల ప్రభుత్వ ఆఫీసు సోలాంజ్ బ్రెవాల్ అనే ఫ్రెంచి దర్శకురాలి సినిమాలు అయిదు రోజులపాటు ప్రదర్శిస్తోంది. డెబ్భై ఏళ్ల ఆవిడ స్వయంగా వస్తోంది. ఆఫీసులో ఫ్రెంచి వచ్చింది సునంద ఒక్కదానికే కాబట్టి పరిచయం రాసే పని ఆమె మీద పడింది.

“ఏమిటమ్మా ఇది? హాస్యమంటావు, హత్యంటావు, జాలర్ల డాక్యుమెంటరీ అంటావు, పిల్లలకి బొమ్మలాట అంటావు. ఇంతకీ ఈవిడ ఏ టైపు డైరెక్టరు?”

“అన్నీ తీశారు సార్. మొదటి హాస్యచిత్రం ఆడగానే అలాంటిదే ఇంకోటి తియ్యమని నిర్మాతలు వెంటపడ్డారు. ఈవిడ వాళ్లకి చిక్కకుండా రెండేళ్లు జాలర్లతో పడవల్లో తిరిగారు.”

“బ్రోషర్లో ఒక లైనుకే చోటుంది. ఒకటి చెప్పు.”

“ఒకటి చెబితే అబద్ధమవుతుంది సార్.”

“ఠీక్ హై, నేనే రాస్తా” అని, ‘ప్రసిద్ధ హాస్య దర్శకురాలు’ అని రాసి ప్రెస్సుకు పంపేశాడు. జనక్‌పురిలో ఇంటి దగ్గర బస్సు దిగేదాకా సునంద లోలోపల ఆయన్ని కడిగేస్తూనే ఉంది.

మొదటి సాయంత్రం హాలు నిండింది. నవ్వుకుందామని జనం పిల్లాపాపలతో వచ్చారు. తెరమీద జాలర్లు గంటసేపు వలలు బాగుచేసుకున్నారు.

“అరే భాయ్, హఁసీ కబ్ ఆయేగీ?” నవ్వెప్పుడొస్తుందని వెనకనుంచి ఎవరో అరిచారు. కుర్చీలు చప్పుడు చేశాయి. సినిమా అయ్యేసరికి పదిహేనుమంది మిగిలారు.

“ఎందుకు వెళ్లిపోయారు?” పక్కనున్న సోలాంజ్ అడిగింది. దాచడానికి ఓపిక లేక సునంద ఉన్నదంతా చెప్పేసింది.

ఆవిడ గట్టిగా నిట్టూర్చింది. “నలభై ఏళ్లుగా మా ఊళ్లోనూ ఇదే గొడవ. ఒక పని చేతికి అలవాటైపోతే నాకు విసుగు. జనానికేమో అప్పుడే ఇష్టం!”

వేదికెక్కి ఆ మాటే మిగిలినవాళ్లకి మైకులో చెప్పి, ఒక్కో సినిమా వెనక కథా చెప్పుకొచ్చింది. సునంద హిందీలోకి మారుస్తూ పోయింది. ముందువరసలోంచి అనంతరామయ్య గడియారం చూపించాడు. సునంద అటు చూడలేదు. పది నిమిషాల ప్రసంగమనుకున్నది గంటయింది.

మర్నాడు ఉదయమే అనంతరామయ్య నుంచి సునందకి మెమో వచ్చింది, సమయం మీరినందుకు సంజాయిషీ చెప్పమని.

“అసలు తప్పు బ్రోషరుది సార్” అంది సునంద.

“అచ్చయిపోయింది కదమ్మా! ఇప్పుడేం చెయ్యమంటావు?”

ఏం చెయ్యాలో సునందే చేసింది. రోజూ సాయంత్రం గేటు దగ్గర నిలబడి, వచ్చినవాళ్లందరికీ ఆ రోజు సినిమా ఏమిటో చెప్పింది: “ఇవాళ హత్య కథండీ, నవ్వు రాదు.” కొందరు తిరిగి వెళ్లారు, చాలామంది లోపలికే వచ్చారు. చివరిరోజు బొమ్మల సినిమాకి పిల్లలు మెట్లమీద కూడా కూర్చున్నారు. అప్పటికి సునంద గొంతు పూర్తిగా పోయింది. సోలాంజ్ ఆమెకు ఫ్లాస్కులోంచి వేడినీళ్లు పోసిచ్చి, వెళ్లేముందు రెండు చేతులూ పట్టుకుంది.

మెమో మాత్రం రద్దు కాకుండా సునంద ఫైల్లో అలాగే ఉండిపోయింది.