సుద్దగుడ్లు

గెబ్‌హార్డ్ పావురం రొమ్ము కిందికి చెయ్యి పోనిచ్చి, గుడ్లు రెండూ తీసి ఎడమ జేబులో వేసుకున్నాడు. కుడి జేబులో వెచ్చబడుతున్న సుద్దగుడ్లు రెండు వాటి చోట పెట్టాడు. పావురం రెక్కతో ఒక్కటిచ్చి, మళ్ళీ సర్దుకుని కూర్చుంది. గుడ్డు చల్లగా ఉంటే తనదని నమ్మదు. గూడు వదిలి పోతుంది.

తలమీద జుట్టున్న రోజుల నుంచీ పట్టణసభ భవనపు అటక మీద అతని పని ఇదే. గింజలు పోయడం, రెట్ట గీకడం, పిల్లలు పుట్టి మంద పెరక్కుండా గుడ్లు మార్చడం. కింద కూడలిలో జనం వీటిని ఎగిరే ఎలుకలంటారు. వాళ్ళే పెళ్ళిళ్ళకు తెల్లవాటిని కొని గాలిలోకి వదులుతారు. దారి తప్పి, డొక్కలు ఎండి, ఆ తెల్లవీ ఇక్కడికే చేరతాయి.

నిచ్చెనెక్కి పై వరుస చూసి ఆగిపోయాడు. పసుపు నూగుతో, కళ్ళు తెరవని పిల్ల. మళ్ళీ!

పావురాలు ఇంకా పెరిగితే అటక మూసి, అన్నిటినీ పట్టించి చంపిస్తామని సభవాళ్ళు చెప్పేశారు. ఎవరి పనో అతనికి తెలుసు. ఇదే పనికి రోజు విడిచి రోజు వచ్చే వాల్బుర్గా. పావురం పిల్లల్ని చూస్తే కరిగిపోయే మనిషి. పైగా ఈమధ్య తన వంతు కాని రోజు కూడా ఏదో వంకతో ఎక్కి వస్తోంది.

ఇవాళా వచ్చింది. గింజల బస్తా సర్దుతున్నంతసేపూ అతను ఆమె చేతులే చూశాడు.

"జేబులో ఏంటది?"

"ప్రెట్జెల్ రొట్టె. తింటావా?"

"బయటికి తియ్యి."

ఆమె జేబు తిరగేసింది. ముక్క, నాలుగు ఉప్పురవ్వలు రాలాయి. "ఏమయ్యా, వచ్చినప్పట్నుంచీ నన్ను దొంగని చూసినట్టు చూస్తున్నావ్!"

"పై గూట్లో పిల్లుంది. నువ్వే అసలు గుడ్డు తిరిగి పెట్టావ్."

వాల్బుర్గా బకెట్ దగ్గరికి వెళ్ళింది. అతను పారబోయడానికి ఎడమ జేబులోంచి బకెట్లో వేసిన గుడ్లలో ఒకటి తీసి దూలానికి కొట్టింది. టక్కుమంది. పగల్లేదు.

అతను నమ్మలేదు. బకెట్ లాక్కుని ఇంకోటి తనే కొట్టాడు. అదీ సుద్దే.

"జేబులు తారుమారు చేస్తున్నావ్," అంది నెమ్మదిగా. "వేళ్ళకి స్పర్శ పోయింది కదూ? నువ్వు దిగిపోయాక కింద వరుసలన్నీ నేనే మళ్ళీ మారుస్తున్నా. ఈ మోకాళ్ళతో నిచ్చెనెక్కలేను. అందుకే పైన పిల్లలవుతున్నాయ్."

"ఎవరికైనా చెప్పావా?"

"చెప్తే నిన్ను పంపేస్తారు. చెప్పకపోతే వీటిని చంపేస్తారు. ఏం చెయ్యమంటావ్?"

అతను తన వేళ్ళను పరాయివాళ్ళవన్నట్టు చాలాసేపు చూసుకున్నాడు.

"నిచ్చెనెక్కగలిగిన వాణ్ణి పంపమని సభవాళ్ళని అడుగు," అన్నాడు. "మెత్తటి చేతులున్న వాణ్ణి."

తాళంచెవి మేకుకు తగిలించి మెట్లు దిగాడు. ఆ వారమంతా రాలేదు. తర్వాత కూడా రాలేదు.

నేల చెక్కలు కిర్రుమని పావురాలు బెదరకుండా అతను అటకలో తొడుక్కునే ఉన్నిచెప్పులు మెట్ల పైఅంచున అలాగే ఉన్నాయి. ఎడమదాంట్లో ఏదో పావురం ఒక ఎండుపుల్ల పెట్టి, ఇంకోటి తేవడానికి వెళ్ళింది.