బడికి వెళ్లే గొంతు

రోజూ బడిగంట వేళకి సైన్సు టీచరు గొంతు ఇల్లు వదిలి వెళ్లిపోయేది. అందాకా అంతా మామూలే. కుక్కర్ దించడం, భర్తకి డబ్బా కట్టివ్వడం, అత్తగారితో ఆ మాటా ఈ మాటా. వేళ కాగానే మాట సగంలో తెగేది.

"వెళ్లిందా?" అనేది అత్తగారు బీన్స్ తుంచుతూ.

కోడలు తలూపేది.

"దానికున్న రాత నీకు లేకపోయింది కదే అమ్మాయ్! నిన్నయితే గేటు దగ్గర ఆపుతారు. దాన్నెవడాపుతాడు?"

ఆపాలని ఎవరికీ లేదు కూడా. ఆ మధ్య తనిఖీకి వచ్చిన అధికారి, "పిల్లలతో ప్రయోగాలు చేయిస్తున్నారా?" అనడిగితే బడి యజమాని "వారం వారం" అన్నాడు. పక్కనున్న ఈవిడ ఊరుకోవచ్చు కదా! "ల్యాబు తాళం తుప్పు పట్టిందండీ" అనేసింది. ఆ ఒక్క ముక్కకి సస్పెన్షన్. బడిలో కాలు పెట్టకూడదని ఉత్తర్వు. కాలు పెట్టొద్దన్నారు, ఆవిడ పెట్టలేదు. గొంతు మాత్రం అలవాటు మానుకోలేక ఏడో తరగతికి వెళ్లి పాఠాలు చెప్పుకొస్తోంది. జీతమివ్వక్కర్లేని టీచరు ఎవరికి చేదు?

సాయంత్రం గొంతు బొంగురుపోయి తిరిగొచ్చేది. దానికోసం గోరువెచ్చని నీళ్లు తాగేది ఆవిడ. కిటికీలోంచి బయటికి చూసే పిల్ల ఇంకా అలాగే చూస్తోందా? పిల్లల ఊడిపోయిన జడలు ఇప్పుడెవరు వేస్తున్నారు? తెలుసుకోవాలని ప్రాణం కొట్టుకునేది. గొంతుకి కళ్లుంటేగా చెప్పడానికి! తన గొంతు మీద తనకే కుళ్లు పుట్టేది.

విచారణకి మాత్రం బడి ఆఫీసు గదికి రమ్మన్నారు, అదీ పాఠాలు జరిగే మధ్యాహ్నం వేళ. ఫిర్యాదు చేసిందీ యజమానే, విచారించిందీ ఆయనే.

"తప్పు ఒప్పుకుంటున్నారా?"

ఆవిడ నోరు తెరిచింది. గోడ అవతల తన గొంతే గుండెకి గదులెన్నని పిల్లల్ని అడుగుతోంది. అటు వేలు చూపించింది. రాసిస్తానని సైగ చేసింది.

"నోటితో చెప్పాలి. అదీ పద్ధతి" అన్నాడాయన. తప్పు ఒప్పుకుందని రాసుకుని ఉద్యోగం తీసేశాడు.

ఆవిడ ఇంటికొచ్చి గోడకి చేరగిలబడింది. ఇక ఆ పిల్లల్ని చూసే దారే లేదు.

"కోర్టుకెళ్లు" అంది అత్తగారు. "పరువు పోతుందనా? గొంతే పోయింది, ఇంకేం పోవాలి?"

కోర్టులో జడ్జిగారు చప్పుడు లేకుండా కదిలే ఆవిడ పెదాల వంక చూసి, బడి లాయరు వైపు తిరిగారు.

"ఈవిడ గొంతెక్కడుంది?"

"ఏడో తరగతిలోనండీ. పాఠం చెబుతోంది."

"ఉద్యోగం తీసేశాక కూడానా? ఆపలేదేం?"

"పరీక్షలు దగ్గర పడ్డాయండీ..." అన్నాడు లాయరు.

"అయితే ఈవిడ గొంతుతో పాఠాలు చెప్పించుకుంటూ, అది దగ్గర లేనప్పుడు విచారణ పెట్టి, బదులు చెప్పలేదు కాబట్టి తప్పు ఒప్పుకున్నట్టే అన్నారన్నమాట."

లాయరు కాగితాలు సర్దుకున్నాడు. జడ్జిగారు తీర్పు చెప్పారు. ఆవిడ చెప్పేది వినకుండా ఉద్యోగం తీసెయ్యడం చెల్లదు. ఫిర్యాదు చేసినవాడు విచారణకి కూర్చోకూడదు. మళ్లీ జరపాలనుకుంటే ఇంకెవరైనా, బడి వదిలాక జరుపుకోవచ్చు. అందాకా గొంతు ఎక్కడుంటే మనిషీ అక్కడే ఉండాలి.

మర్నాడు గంట వేళకి గొంతు బయల్దేరింది. దాని వెనకే ఆవిడ, చెప్పులు సరిగ్గా తొడుక్కోకుండానే.

తరగతి గుమ్మం దాకా వచ్చేసరికి లోపల పాఠం మొదలైపోయింది. నల్లబల్ల ఖాళీగా ఉంది, గొంతుకి చేతుల్లేవు కదా. ఆవిడ లోపలికి అడుగు పెట్టగానే పాఠం ఆగింది. పిల్లలు తల తిప్పారు.

గొంతు వచ్చినప్పుడు ఇన్నాళ్లూ ఎవరూ లేచి నిలబడలేదు. కనబడని టీచరుకి లేవాలని వాళ్లకి తోచలేదు. ఇప్పుడు ఒకళ్ల తర్వాత ఒకళ్లు బెంచీలు చప్పుడు చేస్తూ లేచారు, కిటికీ దగ్గర పిల్లతో సహా. ఆవిడకి ఏడుపు తన్నుకొచ్చింది.

"కూర్చోండి" అంది, తన గొంతుతోనే.

ఎవరూ కూర్చోలేదు. ఆవిడా రెండోసారి చెప్పలేదు.