వెర్దియే రెండుసార్లు చచ్చిన ఆదివారం

ఫ్రెంచి నటుడు ఆర్మాన్ వెర్దియే సింగపూర్‌కి వచ్చింది నాలుగు నాటక ప్రదర్శనలు ఇవ్వడానికి. మూడు అయ్యేసరికి, నాలుగోదే తన జీవితంలో ఆఖరిదని తేల్చేశాడు. ఆ మాట మొదట విన్నది పత్రికలవాళ్లు కాదు, ఆయన కోటుకి ఊడిన బొత్తాం కుడుతున్న సూర్యకుమారి.

"రేపు ఆట అయ్యాక టీ పార్టీ ఉంది కదా, అక్కడ అందరిముందూ చెప్పేస్తాను. ఇంక వేషం కట్టను," అన్నాడాయన అద్దంలోకి చూస్తూ.

సూది వేలికి దిగింది. ఇరవై ఏడేళ్లుగా ఆ థియేటర్లో నటులకి బట్టలు తొడిగి, కుట్లు వేసి, ఇస్త్రీ చేస్తున్న మనిషి. సూది గుచ్చుకోవడం ఆమెకి నామర్దా. అయినా ఆ క్షణాన నొప్పి తెలియలేదు. డెబ్బై ఒక్కేళ్ల ఆ పరదేశి మీద పదిరోజుల్లోనే ఆమెకి అంత గౌరవం పుట్టుకొచ్చింది మరి.

పుట్టదా! మొహానికి రంగు వేసుకుంటున్నంతసేపూ ఆయన మాట్లాడుతూనే ఉండేవాడు. ఇంగ్లీషు నెమ్మదిగా, ఒక్కో మాటా ఏరుకుని మాట్లాడేవాడు. అలా ఆయన కథంతా ఆమెకి కంఠతా వచ్చేసింది.

సముద్రం ఒడ్డున చిన్న ఊరు. తండ్రికి రొట్టెల దుకాణం. పదిహేడేళ్ల వెర్దియే నాటకశాలకి రొట్టెలు ఇవ్వడానికి వెనక గుమ్మంలోంచి వెళ్లాడు. ఆ రోజు శవం వేషం కట్టాల్సినవాడు తాగి ఎక్కడో పడిపోయాడట. దొరికినవాణ్ణి దొరికినట్టు పడుకోబెట్టారు. ఆ తర్వాత వరసగా నూట నలభై ప్రదర్శనల్లో ఈయనే శవం. "శవానికి మాటలుండవు కానీ ముక్కు దురదపెడుతుంది. నటనంటే ఏమిటో నాకు అక్కడే తెలిసింది," అనేవాడు.

తర్వాత పారిస్. ఎనిమిదేళ్లపాటు పళ్లెం పట్టుకుని వచ్చి వెళ్లే నౌకరు వేషాలు. అప్పుడు సినిమావాళ్లకి ఆ మొహం నచ్చింది, అదీ చావడానికి. దొంగగా, పోలీసుగా, సిపాయిగా నలభై మూడు సినిమాల్లో చచ్చాడు. ఊళ్లో తల్లి ప్రతి సినిమాకీ వెళ్లి, కొడుకు చచ్చే ఘట్టానికి ముందే లేచి ఇంటికొచ్చేసేదట. నలభై ఆరో ఏట ఎవరో ధైర్యం చేసి పడవవాడి వేషం ఇచ్చారు. సినిమా మొత్తం మీద పదకొండు వాక్యాలు మాట్లాడాడు. దేశం దేశమంతా ఆయనవైపు చూసింది. బహుమతులు వచ్చాయి, నిర్మాతలు గుమ్మంలో బారులు తీరారు. ఆయన మాత్రం వాళ్లందరికీ దండం పెట్టి, ఒక లారీలో సామాను వేసుకుని, పల్లెటూళ్లలో నాటకాలు ఆడడానికి వెళ్లిపోయాడు. యాభై ఎనిమిదో ఏట గొంతుకి ఆపరేషన్ జరిగి మాట పోయింది. ఏడాదిపాటు పసిపిల్లాడిలా ఒక్కో అక్షరం పలుకుతూ మళ్లీ నేర్చుకున్నాడు. కొత్తగా వచ్చిన ఆ బొంగురు గొంతే పాతదానికంటే బాగుందన్నారు జనం.

అంత చేసినవాడు ఇప్పుడు మానేస్తానంటున్నాడు.

"ఎందుకు సర్? మూడు రోజులూ జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు కదా," అంది సూర్యకుమారి.

"మీ రైల్లో కూడా నన్ను చూసి లేచి నిలబడ్డారు," అన్నాడు వెర్దియే. "ముసలివాడికి అదొక మర్యాద. అంతే."

ఆ మాటలో నిజం లేకపోలేదు. అది రెండువేల సంవత్సరం. వై-టు-కె గండం గడిచి, కంప్యూటర్లు ఎక్కడివక్కడ పనిచేస్తున్నాయని తెలిశాక, సింగపూర్‌లో ఏ కాఫీ షాపులో చూసినా సాఫ్ట్‌వేర్ ముచ్చట్లే. ఈ నాటకాన్ని తెప్పించింది కూడా ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీయే. సగం హాలు ఆ కంపెనీ ఉద్యోగులదే. శుక్రవారం ఆటలో నాలుగు ఫోన్లు మోగాయి. శనివారం ఒకాయన ఫోన్ ఎత్తి, సర్వర్ ఎందుకు పడిపోయిందో గుసగుసగా విచారణ కూడా జరిపాడు. చివర్లో మాత్రం అందరూ ఠక్కున లేచారు.

"మీరు అద్భుతంగా చేశారు సర్," అంది సూర్యకుమారి. ప్రతి నటుడికీ, ప్రతి ఆట తర్వాతా ఆమె అనే మాటే అది.

వెర్దియే నవ్వాడు. "మా డైరెక్టరమ్మ ఉండేది. ఇరవై ఏళ్లపాటు, ఆట అయిన వెంటనే వచ్చి ఏది పాడుచేశానో చెప్పేది. తిట్టుకునేవాణ్ణి. రెండేళ్ల కిందట పోయింది. అప్పటినుంచీ నేను రోజూ అద్భుతంగానే ఉన్నాను. నాలో ఇంకా ఏమైనా మిగిలిందో లేదో చెప్పే మనిషి లేడు మదామ్. తెలియకుండా ఆడుతూ పోవడం మోసం."

బిషాన్ పేటలోని తన ఫ్లాట్‌కి వెళ్లేదాకా రైల్లో సూర్యకుమారికి అదే ఆలోచన. ఎవరో పోయినంత దిగులుగా ఉంది.

ఇంట్లో ఆమె తండ్రి వెంకటసుబ్బయ్య టీవీ ముందు కూర్చున్నాడు. ఎనభై రెండేళ్లు. వాళ్ల నాన్న విశాఖపట్నం వైపునుంచి ఓడెక్కి వచ్చినవాడు. ఈయన పుట్టింది ఇక్కడే, రేవులో పనిచేసి రిటైరైందీ ఇక్కడే. తెలుగు మాత్రం తండ్రి ఓడలో తెచ్చిందే, తుప్పు పట్టకుండా వాడుకుంటున్నాడు.

"నాయినా, రేపు మధ్యాహ్నం ఆటకి నీకు పాస్ ఉంది. వస్తావా? గొప్ప నటుడు. మళ్లీ చూడలేం," అంది.

"ఏ భాషమ్మా?"

"ఫ్రెంచి. పైన బోర్డు మీద ఇంగ్లీషులో వస్తుందిలే."

"బోర్డు నాకెలగ కనబడతాది? మడిసి కనబడతాడా లేదా?"

"కనబడతాడు."

"అయితే పోదాంలే," అన్నాడు ముసలాయన.

మర్నాడు మూడు గంటల ఆట. తండ్రిని నాలుగో వరసలో కూర్చోబెట్టి, పక్క సీటులోని సాయి కిరణ్‌కి అప్పగించింది. కంపెనీ తరఫున ఆ కార్యక్రమం చూసుకుంటున్న కుర్రాడతను. ఒంగోలునుంచి వచ్చి రెండేళ్లయింది. "నేను చూసుకుంటాను ఆంటీ, మీరు టెన్షన్ పడకండి," అన్నాడు. సూర్యకుమారి లోపలికి వెళ్లి, తెర పక్కన తన చోట నిలబడింది.

నాటకంలో ఉన్నది ఒక్క పాత్రే. సముద్రంలో ఓడలకి దారి చూపే దీపస్తంభానికి కాపలాదారు. మర్నాటినుంచి దీపం దానంతటదే వెలుగుతుంది, మనిషి అక్కర్లేదు. సామాను సర్దుకుంటూ, చచ్చిపోయిన భార్యతో, సముద్రంతో, దీపంతో మాట్లాడతాడు. చివర్లో కుర్చీలో కూర్చుని బూట్లు విప్పుకోబోతాడు. ఏదో చిన్న కబురు చెబుతూ, మాట పూర్తికాకుండానే ప్రాణం పోతుంది.

ఆ రోజు ఫోన్లు మోగలేదు, సాయి కిరణ్ గుమ్మంలోనే అన్నీ ఆపించాడు. వెర్దియేకి ఎలాగూ ఇదే ఆఖరుసారి అన్న నిశ్చింత వచ్చిందో ఏమో, ఎవరికోసమూ ఆడుతున్నట్టు లేడు. తన గదిలో తాను తిరుగుతున్నట్టున్నాడు. ఎన్నిసార్లు చూసిందో ఆ నాటకం, అయినా సూర్యకుమారి తెర అంచుదాకా జరిగి చూసింది. ఆయన కుర్చీలో కూర్చున్నాడు. వంగి బూటు ముడి పట్టుకున్నాడు. కబురు మధ్యలో ఆగింది. చెయ్యి ముడి మీదే ఉండిపోయింది.

హాల్లో చీమ చిటుక్కుమనలేదు. దీపాలు ఇంకా తగ్గలేదు.

"వన్స్ మోర్!"

సూర్యకుమారికి తల కొట్టేసినట్టయింది. ఆ గొంతు తన తండ్రిదే.

ఇందులో ఆ ముసలాయన తప్పేమీ లేదు. రేవు కూలీలు కాపురముండే లైన్లలో రేకుల షెడ్డు కింద తెలుగు పద్యనాటకాలు ఆడిన రోజులు ఆయనవి. పద్యం నచ్చితే వన్స్ మోర్ అనకపోవడమే అక్కడ అవమానం. చచ్చి పడిన రాజు లేచి, కిరీటం సర్దుకుని, హార్మోనియం వైపు తల ఊపి, అదే పద్యం మళ్లీ పాడి మళ్లీ చచ్చేవాడు. వెంకటసుబ్బయ్యే ఒక రాత్రి నాలుగుసార్లు చచ్చాడు. ఐదోసారి అడిగితే దాహం వేసి ఒప్పుకోలేదు. గొప్పగా చచ్చినవాణ్ణి ఊరికే పోనివ్వకూడదు. ఆయనకి తెలిసిన నాటకధర్మం అది.

అది పారిస్ నటుడికేం తెలుసు? ఈ హాల్లోవాళ్లకేం తెలుసు?

"అంకుల్! ప్లీజ్ అంకుల్! ఇక్కడ అలా అరవకూడదు," అని సాయి కిరణ్ ఆయన చెయ్యి పట్టుకుని లాగుతున్నాడు. "పరువు పోతుంది అంకుల్."

"ఎవుడి పరువయ్యా? బాగా సేసినాడు, అడిగినాను. వన్స్ మోర్!" అన్నాడు వెంకటసుబ్బయ్య, ఈసారి ఇంకొంచెం గట్టిగా.

అటునుంచి టార్చిలైటు పట్టుకుని ఒకమ్మాయి పరిగెత్తుకొస్తోంది. ఎవరో కిసుక్కున నవ్వారు. ఇరవై ఏడేళ్ల ఉద్యోగం ఇవాళ్టితో సరి అనుకుంది సూర్యకుమారి. అంతకంటే, ఆ మహానుభావుడి ఆఖరి చావుని తన తండ్రే నవ్వులపాలు చేశాడన్న బాధ ఆమెని నిలువునా కోసేసింది.

కుర్చీలో శవం ఒక కన్ను తెరిచింది.

వెర్దియే మెల్లగా తల ఎత్తి, చెయ్యి కళ్లకి అడ్డం పెట్టుకుని హాల్లోకి చూశాడు. "మళ్లీ చావమంటారా?" అని ఇంగ్లీషులో అడిగాడు.

"యెస్ లా!" అన్నాడు వెంకటసుబ్బయ్య, సింగపూర్ ఇంగ్లీషులో.

హాలంతా గొల్లుమంది. వెర్దియే నవ్వలేదు. కోటు సర్దుకున్నాడు, రెండడుగులు వెనక్కి నడిచాడు, మళ్లీ వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. నవ్వులు వాటంతటవే ఆగిపోయాయి. మళ్లీ కబురు మొదలుపెట్టాడు, మళ్లీ వంగాడు, మళ్లీ చచ్చాడు. ఈసారి జనం వెర్రెత్తిపోయినట్టు చప్పట్లు కొట్టారు. కంపెనీ పెద్దలు ఈలలు కూడా వేశారట.

మేకప్ గదిలోకి రాగానే ఆయన అడిగిన మొదటి మాట, "ఎవరాయన? పిలవండి."

సాయి కిరణ్ వెంకటసుబ్బయ్యని నడిపించుకొచ్చి, "సారీ సర్, వెరీ సారీ," అని పదిసార్లు చెప్పి, టీ పార్టీ ఏర్పాట్లు చూడాలంటూ జారుకున్నాడు. వెర్దియే తన కుర్చీ ముసలాయనకిచ్చి, ఎదురుగా స్టూలు మీద కూర్చున్నాడు.

"మా నాన్నండి. క్షమించండి," అంది సూర్యకుమారి.

"క్షమాపణ అక్కర్లేదు. ఎలా ఉందో అడగండి."

ఆమె అడిగింది. వెంకటసుబ్బయ్య కాసేపు ఆలోచించాడు. రేవులో బరువు చూసి ఓడలోకి ఎక్కించిన మనిషి, తొందరపడి చెప్పే రకం కాదు.

"మొదటిసారి సచ్చిపోనాడమ్మా. నాకు గుండె ఆగినంత పనయింది. సెయ్యి ఆ ముడి మీద అలగే ఉండిపోనాది సూడు, అది దేవుడు పట్టుకున్నట్టే ఉంది. రెండోసారి సావలేదు. సచ్చినట్టు ఆడినాడు. వంగేముందు మేం సూస్తన్నామా లేదా అని ఒక సూపు సూసినాడు. సచ్చేవోడు అలగ సూడడు."

మానేద్దామనుకుంటున్న మనిషికి ఈ మాట ఎలా చెప్పడం?

"రెండుసార్లూ అద్భుతంగా చేశారంటున్నారు," అంది సూర్యకుమారి ఇంగ్లీషులో.

వెర్దియే ఆమె మొహంలోకి చూశాడు. "మదామ్, అద్భుతం అనడానికి అంతసేపు పట్టదు. ఆయన అన్నది చెప్పండి."

ఇంక తప్పలేదు. ఉన్నదున్నట్టు చెప్పింది. చెబుతున్నంతసేపూ కళ్లు నేలమీదే పెట్టుకుంది.

వెర్దియే తల వంచుకున్నాడు. ఆయన భుజాలు కదులుతుంటే ఏడుస్తున్నాడనుకుని భయపడింది. ఏడుపూ ఉంది, నవ్వూ ఉంది.

"చూశాను," అన్నాడు. "నిజమే, ఒక్క చూపు చూశాను. ఆయన కూర్చున్నవైపే చూశాను. పట్టేశాడు!" తర్వాత మెల్లగా అన్నాడు, "అయితే మొదటిసారి మాత్రం..."

"సచ్చిపోనాడు. నాను నాలుగుసార్లు సచ్చినోణ్ణి, నాకు తెలీదేటి," అన్నాడు వెంకటసుబ్బయ్య, అనువాదం కోసం ఆగకుండా.

వెర్దియే ఆ ముసలి చేతిని రెండు చేతులతో పట్టుకుని చాలాసేపు వదల్లేదు. వదిలాక సూర్యకుమారి వైపు తిరిగాడు.

"శుక్రవారం ఆట ఎలా ఉంది?"

అద్భుతం అనే మాట అలవాటు కొద్దీ నాలుక చివరిదాకా వచ్చింది. ఇన్నేళ్లుగా ఆ ఒక్క మాటతోనే ఎంతమందిని ప్రేమగా ఒంటరివాళ్లని చేసిందో అప్పుడు తట్టిందామెకి. ఈయన మానేస్తానన్న దానిలో తన వాటా కూడా ఉంది.

"బాగాలేదు సర్," అంది. "రెండో ఫోన్ మోగినప్పటినుంచీ మీకు కోపం వచ్చింది. భార్యతో మాట్లాడాల్సిన మాటలు ఆ ఫోన్లవాళ్లతో మాట్లాడారు."

"శనివారం?"

"శనివారం ఇంకా అన్యాయం."

తలుపు తట్టి సాయి కిరణ్ తొంగిచూశాడు. "సర్, అందరూ వెయిటింగ్. మీరేదో అనౌన్స్ చేస్తానన్నారట, ప్రెస్‌వాళ్లు అడుగుతున్నారు."

"టీ తాగి వెళ్లమనండి. అనౌన్స్‌మెంట్ ఏమీ లేదు, మాకు ఇక్కడ పని ఉంది," అన్నాడు వెర్దియే. తలుపు మూసుకునేదాకా ఆగి, స్టూలు ముందుకి లాక్కుని కూర్చుని, "శనివారం మొదటినుంచీ చెప్పండి మదామ్," అన్నాడు.