దాణా గది తాళంచెవి

ఒక్క గుప్పెడు పెడితే ఏం కొంపలు మునుగుతాయి, అసలు గుప్పెడంటే ఎంత, తన గుప్పెడా, డాక్టరమ్మ గుప్పెడా అనుకుంటూనే అతను నాలుగోసారి దాణా గది గుమ్మం దాకా వచ్చేశాడు. జేబులో తాళంచెవి తొడకు గుచ్చుకుంటోంది.

వెనక కొట్టంలో గోధుమరంగు గుర్రం ఖాళీ తొట్టిని మూతితో తోస్తోంది. ఎవరో వదిలేసి పోయిన పాకలో దొరికితే ఈ జంతు శరణాలయానికి తెచ్చి మూడు రోజులైంది. పక్కటెముకలు దూరం నుంచే లెక్కపెట్టొచ్చు. నాలుగు గంటలకోసారి కాస్త ఎండుగడ్డి, అంతే, పది రోజులదాకా దాణా వాసన కూడా చూపించొద్దని డాక్టరమ్మ మరీమరీ చెప్పి వెళ్ళింది. ఆకలితో మాడిన ఒంట్లో ఒక్కసారిగా బలమైన తిండి పడితే గుండె ఆగిపోతుందట.

తొట్టి మళ్ళీ చప్పుడైంది. చిన్నప్పుడు అమ్మ ఖాళీ గిన్నెను గరిటెతో గీకితే ఇలాగే ఉండేది.

"ఏరా, కాలుగాలిన పిల్లిలా ఆ తిరగడమేంటి?" బకెట్లు కడుగుతూ అక్క కేకేసింది.

"దానికి ఆకలేస్తోందక్కా."

"దానికా, నీకా? తిని గంట కాలేదు కదరా! దానికి ఆరింటికి పెడదాం. నీ జాలి తగలెయ్య, దాన్ని బతకనివ్వు."

వేళాకోళానికే అంది. అతను మాత్రం కొట్టం వైపు నుంచి తల తిప్పుకున్నాడు.

పోయినేడు వచ్చిన బూడిదరంగు గుర్రం కూడా ఇలాగే చూసేది. అప్పుడూ డాక్టరమ్మ ఇదే మాట చెప్పింది. మూడో రోజు అది కుప్పకూలితే, "ఆలస్యంగా దొరికింది, పాపం" అన్నారందరూ. అక్క కూడా. అది రెండు పూటలా డబ్బా నిండా దాణా తిన్నదనీ, చివర్లో అతని అరచెయ్యి కూడా నాకిందనీ అతనొక్కడికే తెలుసు. ఆ నాకుడుకి ఎంత హాయిగా అనిపించిందో కూడా. ఆ పూట కడుపు నిండింది ఎవరికి?

తొట్టి మళ్ళీ మోగింది. చెయ్యి దానంతటదే జేబులోకి పోయింది.

అతను గుమ్మం వైపు చూడకుండా గబగబా బకెట్ల దగ్గరికి నడిచి, తాళంచెవి తీసి అక్క ముందు చాపాడు.

"ఇదెందుకురా నాకు?"

"నీ దగ్గరే ఉంచు. నేనడిగినా ఇవ్వకు."

అక్క తడిచేతిలో తాళంచెవి పెట్టి, ఆమె వేళ్ళను తనే ఒక్కొక్కటిగా మూశాడు.