గడప దగ్గర తొలి ప్రసారం

ఆ సాయంత్రం ఎరెబ్రూ పట్టణంలోని గున్‌వోర్ గారి ఫ్లాట్‌లో హాజరైనవారు, వచ్చిన క్రమంలో: ఇంటి యజమానురాలు కనుక ముందునుంచీ అక్కడే ఉన్న గున్‌వోర్ గారు, ఆవిడ చెల్లెలి కొడుకూ టీవీ సంస్థ స్థాపకుడూ అయిన స్టాఫన్, కెమెరా పట్టవలసిన మైకెన్, సంస్థ న్యాయవాదిగా నేను, చివరగా బూట్ల కర్మాగారం యజమాని ఆల్గోట్.

తరువాతి కాలంలో స్టాఫన్ మూడు దేశాలలో ఛానళ్లు నెలకొల్పాడు. రెండు పత్రికలు కొని ఒకటి మూసివేశాడు. అప్పటికి మాత్రం స్టూడియో అద్దెకు తీసుకునే స్తోమత అతనికి లేదు. అందుచేత పెద్దమ్మ ముందుగదే స్టూడియో. ప్రకటనదారు ఆల్గోట్ ఒక్కడే. ఏడు గంటల తొలి ప్రసారంలో తన శీతాకాలపు బూట్లు కనిపించకపోతే ఒప్పందం రద్దని అతను ముందే చెప్పాడు. అది రద్దయితే ఛానల్ పుట్టిన రోజే మూతపడుతుంది.

ఇంత తెలిసి కూడా మేమందరం గడప దాటగానే యథాప్రకారం బూట్లు విప్పేశాము. ఆల్గోట్ కూడా విప్పాడు. అతను కాఫీ తాగి, దాల్చినచెక్క బన్ను తిని, సోఫాలో కాలు మీద కాలు వేసుకున్న తరువాత గాని ఆ సంగతి ఎవరికీ తట్టలేదు. ఎడమ సాక్స్‌లోనుంచి అతని బొటనవేలు బయటికి చూస్తున్నది.

"నా బూట్లేవయ్యా?" అన్నాడు ఆల్గోట్.

స్టాఫన్ గున్‌వోర్ గారి వైపు తిరిగాడు. "పెద్దమ్మా, ఒక్క అరగంట బూట్లేసుకోనివ్వవే."

"బయటంతా మంచు బురద. నా తివాచీ మీద బూట్లా? మీ అమ్మ నిన్నిలాగే పెంచిందిట్రా?"

"తుడిచి వేసుకుంటాం."

"రాజుగారొచ్చినా విప్పాల్సిందే."

ఆల్గోట్ లేచాడు. "అయితే నే వెళ్తానబ్బాయ్. ఊరంతా నా వేలు చూసి బూట్లు కొంటుందా?"

నేను ఒప్పందంలోని నాలుగవ నిబంధనను వివరించబోయాను. గున్‌వోర్ గారు నా చేతిలో కాఫీ కప్పు పెట్టి ఆ ప్రయత్నం అక్కడితో ఆపించారు.

"బూట్లుండే చోటు గుమ్మం," అన్నారావిడ. "చూపించాల్సింది వాటినేగా? మీరే అక్కడికి పోండి. ఆ కెమెరా కూడా పట్టుకుపోండి."

ఏడు గంటలకు పట్టణం చూసినది, వేలాడే కోట్ల కింద బల్ల మీద ఇరుక్కుని కూర్చున్న స్టాఫన్, ఆల్గోట్ అనే ఇద్దరు పెద్దమనుషులను, వారి ముందు వరుసగా పేర్చిన బూట్లను. ఆల్గోట్ ఒక బూటును ఒడిలో పెట్టుకుని, పసిపిల్లను నిమిరినట్టు నిమురుతూ మాట్లాడాడు. మధ్యలో గున్‌వోర్ గారు గుడ్డతో వచ్చి దానిని లాక్కున్నారు.

"అడుగున బురద చూసుకోవద్దూ," అని ఒక్కసారి తుడిచారు. "ఊఁ, ఇట్టే వదిలిందే. మంచి బూటే. తివాచీ మీదకి మాత్రం తేకు."

మరునాడు దుకాణాలలో జనం "ఆవిడ తుడిచిన బూటు" కావాలని అడిగారు. ఆల్గోట్ ఒప్పందాన్ని మరుసటి ఏడాదికీ పొడిగించాడు. గుమ్మం, గుడ్డ, గున్‌వోర్ గారు తప్పనిసరి అని షరతు పెట్టాడు.

స్టాఫన్ చరిత్ర వ్రాసేవారు అతని దూరదృష్టిని మెచ్చుకుంటారు. అది వారి ఇష్టం. ఆ సాయంత్రం ఛానల్‌ను నిలబెట్టినది, తన తివాచీ విషయంలో ఎవరికీ తలవంచని శ్రీమతి గున్‌వోర్ లిండెల్ అని, హాజరైనవారిలో ఒకడిగా, కృతజ్ఞతాపూర్వకంగా ఇందుమూలంగా నమోదు చేస్తున్నాను.