సరిగంగ స్నానం

2004 కృష్ణా పుష్కరాలు. పన్నెండేళ్ళ జనమంతా ఒక్క పూటే వచ్చినట్టుంది భవానీపురం రేవుకి!

గవర్నర్‌పేటలో పెళ్ళికార్డుల షాపులో పనిచేసే నాగలక్ష్మి, సాయిశ్రీ కూడా వచ్చారు. ఇద్దరికీ ఇరవై మూడేళ్ళు. ఒకటే హాస్టలు, ఒకటే గది. ఊరందరి పేర్లూ జంటలుగా అచ్చేస్తారు గానీ, తమ సంగతి మాత్రం అచ్చూ హల్లూ లేకుండా నోట్లోనే నానుతోంది.

నాగలక్ష్మి మూణ్ణెల్ల కిందట తిరపతిలో గుండు చేయించుకుంది. గుండు చెప్పినట్టు విన్నది, గుండే వినలేదు! సాయిశ్రీ నవ్విందంటే అది ఆటో ఎక్కేస్తుంది, మీటరు లేని ఆటో. ఆ పిల్లకీ ఇలాగే ఉందా? అడిగాక కాదంటే? ఉన్న స్నేహమూ కృష్ణార్పణమే.

"తప్పిపోతామే!" అంటూ సాయిశ్రీ తన చున్నీ కొసని నాగలక్ష్మి భుజమ్మీది తువ్వాలుకి ముడేసింది. నడుంలోతు నీళ్ళలోకి దిగారు.

అక్కడ సంకల్పాలు చెబుతున్న ముసలి పంతులుగారి కళ్ళద్దాలనిండా నీటిచుక్కలు. క్రాఫు తల, తువ్వాలు, ముడి చూశారు. ఆలుమగలు కొంగులు ముడేసుకుని మునగడం మామూలేగా!

"సరిగంగ స్నానమా? రండి, రండి! అబ్బాయ్, ఆవిడ చెయ్యి పట్టుకో. గోత్రం?"

నాగలక్ష్మి దగ్గర గోత్రమెక్కడిది, ఆత్రం తప్ప! చెయ్యి మాత్రం గట్టిగా పట్టేసుకుంది. చలివల్లో, చెలివల్లో!

"పేరు నాగలక్ష్మి అండీ" అంది సాయిశ్రీ.

"నీ పేరా అమ్మా?"

"కాదండీ, ఈవిడది. నేను సాయిశ్రీ."

పంతులుగారు అద్దాలు తుడుచుకున్నారు. "ఓరి నాయనోయ్, ఇద్దరూ ఆడపిల్లలే! ముడి విప్పండమ్మా. ఇది ఆలుమగల సంకల్పం. స్నేహితులకి వేరే చెబుతా."

నాగలక్ష్మి చెయ్యి వదలబోయింది. సాయిశ్రీ వదల్లేదు.

"వేరేది వద్దండీ. మొదలెట్టిందే కానివ్వండి."

పంతులుగారు మళ్ళీ అద్దాలు తుడుచుకోవడం మొదలెట్టారు. వెనక వరసలోంచి వెంకటరత్నమ్మగారనే పెద్దావిడ కేకేసింది: "పంతులుగారూ, కానిస్తారా? మమ్మల్నిలా నానిస్తారా?"

"కృష్ణమ్మకి లేని అభ్యంతరం నాకెందుకు? ముక్కులు మూసుకోండి!"

మునిగారు. లేచారు.

"ఏమే, నిజంగానే అన్నావా?" అంది నాగలక్ష్మి.

"ఏడాదినించీ 'నిన్నే చేసుకుంటా' అంటున్నా. నువ్వే వేళాకోళమనుకుంటున్నావు. ఇంకా రెండు మునకలున్నాయి, ఊపిరి దాచుకో."

దాచుకుంటే కదా! పకపకా నవ్వుతూనే మునిగి, నాగలక్ష్మి గుక్కెడు కృష్ణ మింగేసింది.